వైజాగ్ వందే భారత్: సగం దారికి సూపర్, మొత్తం దారికి నడుము చూసుకోండి

వైజాగ్–సికింద్రాబాద్ వందే భారత్ ఎలా ఉంటుంది, ఆ టికెట్ డబ్బులకు తగ్గట్టు ఉంటుందా అని అడగని చుట్టం లేడు కాబట్టి ఒకేసారి రాసేస్తున్నాను. బండి బ్రహ్మాండం. చైర్ కార్ (ఇందులో మామూలు క్లాసు) సీటు మాత్రం నాలుగైదు గంటల సీటు. విజయవాడలో ఎక్కేవాళ్లు, దిగేవాళ్లు కళ్లు మూసుకుని బుక్ చేసుకోవచ్చు. ఈ చివర నుంచి ఆ చివరకు 699 కిలోమీటర్లు, ఎనిమిదిన్నర గంటలు కూర్చోవాల్సిన వాళ్లు ఇంకొంచెం చదవండి.

అందరూ ఆ కోసుగా ఉండే ముక్కు గురించీ వాటంతటవే మూసుకునే తలుపుల గురించీ మాట్లాడతారు గానీ అసలు పనితనమంతా బోగీల కింద ఉంది. దీనికి విడిగా ఇంజిన్ ఉండదు. మన మెమూ లోకల్ బళ్లు, హైదరాబాద్ ఎంఎంటీఎస్ సిటీ రైళ్లు ఉన్నాయి చూడండి, ఇదీ ఆ జాతిదే. మోటార్లు బోగీల కిందే ఉంటాయి. 16 బోగీల బండి అయితే 8 బోగీలకు మోటార్లు, అంటే సగం ఇరుసులు సొంతంగా తోస్తుంటాయి. మామూలు ఎక్స్‌ప్రెస్‌లో ముందున్న ఒక్క ఇంజిన్ 20, 24 బోగీలను ఈడ్చుకుపోవాలి, అది స్పీడ్ అందుకునేసరికి ఊరు దాటిపోతుంది. ఇందులో బండి కదిలిన సంగతి కిటికీ చూస్తే తప్ప తెలియదు. ఆ ధడేల్‌మనే కుదుపు లేదు, ట్రే మీద టీ కప్పు ఉన్నచోటే ఉంటుంది, ప్లాట్‌ఫారం మీద మనుషులు వెనక్కి జరుగుతున్నారేంటి అనుకునేలోపు స్టేషన్ అయిపోతుంది. ఈ రెండో తరం మోడల్ సున్నా నుంచి 100కి 52 సెకన్లలో వెళ్తుందని లెక్క. కారు కాదండీ, రైలు.

అలాగని విమానంలా దూసుకుపోతుందని ఊహించుకోవద్దు. ఈ డిజైన్‌ను 180 దాకా నడిపి చూశారు గానీ మన దారిలో 130కి మించి పోనివ్వరు. మరి టైమ్ ఎక్కడ కలిసొస్తుందంటే, స్టాపులు తక్కువ, ఆగిన ప్రతిచోటా తొందరగా ఆగి తొందరగా అందుకుంటుంది. గోదావరి ఎక్స్‌ప్రెస్‌కు పన్నెండు గంటల పైన పట్టే దారి ఇది.

2023 సంక్రాంతి రోజున 16 బోగీలతో మొదలైంది. జనం ఎంత ఎగబడ్డారంటే 2024 మార్చిలో ఇదే దారిలో రెండో వందే భారత్ వేశారు, 2025 జనవరిలో మొదటి దాన్ని 20 బోగీలు చేశారు. నాలుగేసి బోగీలు కలిపి ఒక యూనిట్, మామూలు బండికి తగిలించినట్టు పండక్కి ఒక బోగీ అదనంగా తగిలించడం కుదరదు.

ఇక సీటు సంగతి. చైర్ కార్‌లో అటు మూడు, ఇటు రెండు. వీపు వెనక్కి వాలేది కొంచెమే. మొదట్లో 17 డిగ్రీల చిల్లర ఉండేది, జనం గోల పెట్టాక 2023లో వచ్చిన కొత్త బళ్లలో 19 చిల్లర చేశారు, వాష్ బేసిన్ కూడా లోతు పెంచారు. ఆ రెండు డిగ్రీలు ఎవరి నడుముకు సరిపోతాయో నాకు అర్థం కాలేదు. పైగా సీట్లు తిరగవు, కాబట్టి బోగీలో సగం మంది వెనక్కి ప్రయాణం చేస్తారు. తల తిరిగే అలవాటున్న వాళ్లకు టెన్షనే. కిటికీ సీటు దొరికిందని సంబరపడితే కొన్ని వరసల్లో పక్కన గోడ వస్తుంది. పై క్లాసు ఎగ్జిక్యూటివ్‌లో మాత్రం రెండు, రెండు సీట్లు, అవి బండి వెళ్లే వైపుకు తిప్పుకోవచ్చు, కాళ్లు చాపుకోవచ్చు. కానీ టికెట్ మూడు వేలు దాటుతుంది, చైర్ కార్ దానిలో దాదాపు సగం.

నా మాట వింటే వైజాగ్‌లో పొద్దున ఎక్కే బండికే వెళ్లండి. రాజమండ్రి దగ్గర గోదావరి ఎండలో కనిపిస్తుంది. మధ్యాహ్నం సికింద్రాబాద్‌లో బయల్దేరేదానికి ఆ వంతెన చీకట్లో వస్తుంది. ఒక్క చిక్కు, కిటికీలు తెరుచుకోవు. మా వరసలో ఒక మామ్మగారు వంతెన రాకముందే రూపాయి బిళ్ల చేతిలో పట్టుకుని కూర్చుంది, అద్దం ఎటునుంచి తెరుస్తారని అందరినీ అడిగింది, చివరకు బిళ్ల అద్దానికి ఆనించి దండం పెట్టుకుని మళ్లీ కొంగున ముడేసుకుంది. ఏసీ బోగీలన్నిటికీ ఇదే బాధ అనుకోండి, కానీ మిగతా బళ్లలో కనీసం తలుపు దగ్గరకు వెళ్లి విసరొచ్చు.

ఆ తలుపులతో జాగ్రత్త. చాలా స్టేషన్లలో ఒకటి రెండు నిమిషాలే ఆగుతుంది, సాగనంపడానికి వచ్చినవాళ్లు లోపలికి ఎక్కొద్దు. బండి మొదలైన కొత్తలో రాజమండ్రిలో ఒకాయన సెల్ఫీ కోసమని ఎక్కితే తలుపులు మూసుకుని విజయవాడ దాకా వెళ్లాల్సి వచ్చింది, ఆ వీడియో మీరూ చూసే ఉంటారు. పూతరేకుల పొట్లాలమ్మే కుర్రాళ్లు కూడా లోపలికి రారు, కావలసినవి ముందే కొనుక్కుని ఎక్కండి. తిండి వద్దనుకుంటే బుకింగ్ అప్పుడే తీసేయొచ్చు, ఆ మేరకు టికెట్ తగ్గుతుంది. ఇంటి నుంచి పులిహోర తెచ్చుకునేవాళ్లు ఆ డబ్బులు మిగుల్చుకోండి. బియ్యం బస్తాలు, పెద్ద సూట్‌కేసులు మాత్రం వద్దు, పైన అరలో పట్టవు.

బోగీ నిశ్శబ్దంగా ఉంటుంది, మోటార్ బోగీలో కూర్చుంటే కాళ్ల కింద సన్నగా హోరు వినిపిస్తుంది, అంతే. అందుకే పక్క సీటాయన ఫోన్‌లో రీల్స్ పెడితే ప్రతి ముక్కా వినిపిస్తుంది. ఇయర్‌ఫోన్స్ మర్చిపోవద్దు.

అమ్మానాన్నలను వైజాగ్ నుంచి సికింద్రాబాద్ దాకా పంపాలంటే ఎగ్జిక్యూటివ్ తీస్తాను, అంత పెట్టలేకపోతే రాత్రి గోదావరి ఎక్స్‌ప్రెస్‌లో థర్డ్ ఏసీ బెర్త్ తీస్తాను, పడుకుని వెళ్తారు. విజయవాడ నుంచి అయితే చైర్ కారే, రెండో ఆలోచన లేదు.