పాకం పూసిన గింజలు: మెరుపు ముఖ్యమా, నిలవ ముఖ్యమా?

బాదం, అక్రోటు, పల్లీలకు ఇంట్లో పంచదార పూత పట్టించడానికి మూడు దారులున్నాయి. పంచదార, నీళ్లతో బాణలిలో తిప్పడం ఒకటి. గుడ్డు తెల్లసొన కలిపి ఓవెన్‌లో వేయించడం రెండోది. వెన్నలో పంచదార కరిగించి గింజలు దొర్లించడం మూడోది. ఏళ్ల తరబడి మూడూ చేశాక నా వంటింట్లో మిగిలింది మొదటిదే. అది కూడా అద్దంలా మెరిసేదాకా కాదు, పూత సగం మెరుస్తూ సగం పొడిపొడిగా ఉండగానే దించేస్తాను. ఫొటో తీస్తే పెద్దగా కనిపించదు కానీ సీసాలో కరకరలాడుతూ ఉండేది ఇదే.

నేను వాడే కొలత పావు కిలో గింజలకు 125 గ్రాముల పంచదార, 60 మిల్లీలీటర్ల నీళ్లు, చిటికెడు ఉప్పు. చాలామంది గింజలకు సమానంగా పంచదార పోస్తారు. అలా చేస్తే పూత మందంగా వస్తుంది, గింజ రుచి మాత్రం దాని కింద పడి కనబడకుండా పోతుంది. మరీ మూడో వంతు కంటే తగ్గిస్తే గింజ మీద అక్కడక్కడా బట్టతల కనిపిస్తుంది. సగం అన్నది నాకు కుదిరిన లెక్క. ఉప్పు మానేయకండి. ఉప్పు లేని పూత నాలుగు గింజలు తినేసరికి వెగటు పుట్టిస్తుంది.

పని మొత్తం పదిహేను, ఇరవై నిమిషాలది. అందులో అసలు విషయం జరిగేది చివరి అయిదు నిమిషాల్లోనే. గింజలు, పంచదార, నీళ్లు అన్నీ కలిపి పొయ్యి మీద పెడితే మొదట పలుచని నురగ వస్తుంది. నీరు ఇగిరేకొద్దీ బుడగలు పెద్దవై, బద్ధకంగా పగులుతాయి. పాకం గరిటెకు తీగలా సాగుతుంది. ఇక్కడి నుంచి చెయ్యి ఆపకూడదు. ఒక దశలో పాకం ఉన్నట్టుండి తెల్లబడుతుంది, గరిటె బరువెక్కుతుంది. మరో నిమిషంలో జిగురంతా మాయమై, గింజల చుట్టూ తెల్లటి పలుకులు పట్టుకుని, బాణలిలో పొడి కంకర కదిలిన చప్పుడు వస్తుంది. మొదటిసారి చేసేవారు పాకం చెడిపోయిందనుకుని ఇక్కడే కంగారు పడతారు. చెడలేదు. ఆ చప్పుడు కోసమే అప్పటిదాకా కలిపింది.

జరిగేది ఇది: నీరు పోయాక కరిగి ఉన్న పంచదారకు చోటు చాలదు, కలుపుతున్న కుదుపుకు అది మళ్లీ స్ఫటికాలుగా మారి గింజకు అంటుకుంటుంది. ఆ పొడి పంచదార మళ్లీ కరగాలంటే 160 డిగ్రీల సెల్సియస్ దాటిన వేడి కావాలి. అందుకే ఇప్పుడు సెగ తగ్గించి తిప్పుతూ ఉండాలి. అడుగున పడిన పలుకులు ముందు కరిగి తేనె రంగులోకి వస్తాయి, గింజలు వాటిలో దొర్లి మెరుపు పట్టుకుంటాయి. దాదాపు సగం మెరిసిందనగానే దించేయాలి. దాల్చినచెక్క పొడి, మిరియాల పొడి లాంటివి ఏవైనా వేయాలనుకుంటే అప్పుడే వేయండి. ముందే వేస్తే ఆ వేడికి మాడి చేదెక్కుతాయి.

పూర్తిగా కరిగించి నిగనిగలాడేలా ఎందుకు చేయకూడదని ఎవరైనా అడగవచ్చు. చేయవచ్చు, చూడటానికి బాగుంటుంది కూడా. కానీ పూర్తిగా కరిగి గట్టిపడిన పంచదార గాజులాంటి స్థితిలో ఉంటుంది, గాలిలోని తేమను సులువుగా పీల్చుకుంటుంది. ఉక్కపోత రోజుల్లో మూత తీసి పెట్టిన కాసేపటికే పైపూత చెమరుస్తుంది, మర్నాటికి గింజలన్నీ ఒకే ముద్ద. స్ఫటికంగా ఉన్న పంచదార అంత తొందరగా తేమకు లొంగదు. వంటింటి డబ్బాలోని పంచదార నెలల తరబడి పొడిగా ఉండటానికీ కారణం అదే. సగం మెరుపు దగ్గర ఆపితే కరకరా ఉంటుంది, కాల్చిన పాకం రుచీ ఉంటుంది.

ఇదే కారణంతో ఒక సలహాను నేను పక్కన పెట్టేశాను. పాకంలో నాలుగు చుక్కల నిమ్మరసం పిండమంటారు. పులుపు పంచదారను గ్లూకోజు, ఫ్రక్టోజులుగా విడగొట్టి స్ఫటికాలు కట్టకుండా అడ్డుపడుతుంది. మెరిసే పూతకు అది మేలే. ఈ పద్ధతికి మాత్రం కాళ్లకు అడ్డం పడటమే, ఎంత కలిపినా పలుకు కట్టదు. పంచదార బదులు తేనె వాడమనే సలహా కూడా అంతే. తేనెలో ఫ్రక్టోజు ఎక్కువ కాబట్టి ఆ పూత ఎప్పటికీ వేలికి అంటుకుంటూనే ఉంటుంది. బెల్లం రుచి నాకు పంచదార కంటే ఇష్టం, కానీ అది తొందరగా మాడుతుంది, తొందరగా చెమరుస్తుంది. బెల్లంతో చేస్తే ఆ రోజుకు సరిపడా చేసుకోవడమే.

గింజల సంగతికి వస్తే, బాదం ఈ పనికే పుట్టింది. దాని గరుకు తోలు పంచదారను వదలదు. తోలుతో ఉన్న పల్లీలు దాదాపు అంత బాగానే వస్తాయి. జీడిపప్పు నన్ను ఎన్నడూ మెప్పించలేదు. నున్నగా ఉండటం వల్ల పూత పెచ్చులుగా ఊడిపోతుంది, కలిపే జోరుకు బద్దలు విరుగుతాయి. పిస్తా ఆకుపచ్చ రంగు పోయి నీరసంగా తయారవుతుంది, దాన్ని వదిలేయండి.

అక్రోటుకు రెండు పేచీలున్నాయి. పై పొర వగరు. మరిగే నీళ్లలో ఒకటి రెండు నిమిషాలు వేసి వంచేస్తే ఆ నీళ్లు గోధుమ రంగుకు తిరుగుతాయి, వగరు చాలావరకు వాటితో పోతుంది. తర్వాత పూర్తిగా ఆరబెట్టి వేయించాలి. రెండోది నూనె. అక్రోటు నూనె గాలి తగిలితే త్వరగా పాడై ముక్కిన వాసన వేస్తుంది, పూత ఎంత బాగున్నా దాన్ని కాపాడలేదు. అందుకని కొత్తగా కొన్న అక్రోటునే వాడతాను, చేసిన వారంలో అయిపోయేలా చూస్తాను. బాదం, పల్లీలు రెండు మూడు వారాలు నిశ్చింతగా ఉంటాయి.

ఏ గింజనైనా ముందుగా 160 డిగ్రీల ఓవెన్‌లో ఎనిమిది, పది నిమిషాలు వేయిస్తే లోపలి తేమ పోతుంది. ఓవెన్ లేకపోతే పొడి బాణలిలో సన్నని సెగ మీద వేయించినా చాలు. పచ్చివే వేస్తే పైన కరకర, లోపల మెత్తన. అయితే దించిన తర్వాత కూడా గింజ లోపలి వేడి కాసేపు పని చేస్తూనే ఉంటుందని గుర్తుంచుకోండి. ఒక బాదం అడ్డంగా కోసి చూస్తే లోపల లేత గడ్డి రంగు ఉండాలి. పొయ్యి మీదే ముదురు గోధుమ రంగు కనిపిస్తే చల్లారేసరికి చేదు ఖాయం.

తెల్లసొన పద్ధతిని తీసిపారేయలేను. ఎక్కువమందికి చేయాలంటే అదే సుఖం. ఒక తెల్లసొన నురగ వచ్చేలా గిలకొడితే అర కిలో గింజలకు సరిపోతుంది. పంచదార, ఉప్పు, మసాలా కలిపి 120 డిగ్రీల దగ్గర గంటసేపు ఉంచి, పావుగంటకోసారి కలిపితే చాలు. వేడి తక్కువ కాబట్టి మసాలాలు మాడవు, కారంగా చేసుకునేవారికి ఇది నప్పుతుంది. కానీ పూత పలుచని పెంకులా ఉండి రోజులు గడిచేకొద్దీ రాలుతుంది, సీసా అడుగున పొడి పేరుకుంటుంది. సరిగ్గా ఆరకపోతే నీచు వాసన కూడా ఉంటుంది. గుడ్డు తినని వారి కోసం శనగలు ఉడికించిన చిక్కటి నీళ్లను నురగ చేసి చూశాను. పనికొచ్చింది, పూత ఇంకాస్త పలుచన.

వెన్న పద్ధతి అయిదు నిమిషాల పని. వేడి తగ్గగానే తింటే మూడింటిలో ఇదే రుచి. సాయంత్రానికి చూస్తే అంటుకుపోయి ఉంటుంది. అంతకు మించి దాని గురించి చెప్పడానికేమీ లేదు.

పాత్ర విషయంలో నా ఓటు మందపాటి అడుగున్న స్టీలు బాణలికి. నల్లటి నాన్‌స్టిక్ పెనంలో పాకం రంగు మారడం కనిపించదు, ఈ పనిలో కళ్లే కొలమానం కాబట్టి అది పెద్ద లోపం. పైగా పంచదార పలుకులు గీరుకుని దాని పూత త్వరగా మసకబారింది. చెక్క గరిటె చేతికి వేడి తగలనివ్వదు. గింజలు ఆరబోయడానికి సిలికాన్ షీటు గానీ నూనె రాసిన స్టీలు పళ్లెం గానీ సరిపోతుంది. రెండు చెంచాలతో విడదీయండి, వేళ్లతో వద్దు. కరిగిన పంచదార మరిగే నీటి కంటే చాలా వేడి, చర్మానికి అంటుకుని వదలదు. పిల్లలను ఆ కాసేపు దూరంగా ఉంచండి.

పూర్తిగా చల్లారాకే గాజు సీసాలోకి వేయాలి. గోరువెచ్చగా ఉన్నప్పుడు మూత పెడితే లోపలి ఆవిరే పూతను కరిగిస్తుంది. ఫ్రిజ్ వద్దు, బయటికి తీసినప్పుడల్లా తేమ పడుతుంది. మెత్తబడిన గింజలను పారేయనవసరం లేదు. 120 డిగ్రీల ఓవెన్‌లో పది నిమిషాలు ఉంచి ఆరనిస్తే మళ్లీ కరకరలాడతాయి. పూర్తిగా మెరిపించిన వాటికి మాత్రం ఈ వైద్యం అంతగా పట్టదు.

బాణలి అడుగున గట్టిగా పట్టిన పాకాన్ని చూసి భయపడి గీకడం మొదలుపెట్టకండి. అంగుళం ఎత్తు నీళ్లు పోసి మరిగిస్తే తనంతట తానే కరిగిపోతుంది. పళ్లెంలో మిగిలిన పలుకులను మాత్రం కడిగేయకుండా దాచండి, కాఫీలో వేసుకోవడానికి మామూలు పంచదార కంటే అవి మేలు.