తొలి క్రైస్తవ పత్రికలపై ఆన్‌లైన్ కోర్సు: లేఖకుడి కలం దగ్గర నిలిచింది, తీర్పు దగ్గర తొందరపడింది

బైబిల్లోని కొత్త నిబంధనలో ఉన్న 27 గ్రంథాల్లో 21 పత్రికలే, అంటే ఉత్తరాలే. వాటిలో 13 అపొస్తలుడైన పౌలు పేరుతో మొదలవుతాయి. హెబ్రీయులకు రాసిన పత్రికలో రచయిత పేరు ఎక్కడా లేదు. మిగిలిన ఏడు యాకోబు, పేతురు, యోహాను, యూదాల పేర్ల మీద మనకు చేరాయి. వీటిని నిజంగా ఎవరు రాశారు, ఎప్పుడు, ఏ పరిస్థితుల్లో రాశారు అన్న విషయం మీద ఇరవై నాలుగు పాఠాలున్న ఒక వీడియో కోర్సును మూడు నెలల పాటు వరుసగా చూసి, దానితో ఇచ్చిన పఠన సామగ్రిని కూడా పూర్తిగా చదివి ఈ సమీక్ష రాస్తున్నాను. ఈ పత్రికలను నేను చిన్నప్పటి నుంచి చదువుతున్నాను, వాటి మీద నాకు ఎంతో ప్రేమ. అందుకే కోర్సులో మంచి ఎక్కడుందో, లోటు ఎక్కడుందో కాస్త వివరంగా చెప్పాలనిపించింది.

మొత్తం కోర్సులో మూడో పాఠం అన్నిటికన్నా విలువైనది. అందులో పౌలు ప్రస్తావన దాదాపు లేదు. రెండో శతాబ్దంలో అపియోన్ అనే ఐగుప్తు యువకుడు రోమా నౌకాదళంలో చేరి, ఇటలీలోని మిసేనం రేవు నుంచి తండ్రికి రాసుకున్న ఉత్తరాన్ని బోధకురాలు తెర మీద పెట్టి, వరుస వరుసా చదివి వినిపించారు. 'అపియోన్ తన తండ్రి ఎపిమాకోస్‌కు' అని ముందు పేర్లు, ఆ తర్వాత వందనం, తండ్రి ఆరోగ్యంగా ఉండాలన్న ప్రార్థన, సముద్రంలో ఆపద వచ్చినప్పుడు కాపాడినందుకు సెరాపిస్ దేవుడికి కృతజ్ఞత, ఆ తర్వాత ప్రయాణ ఖర్చులకు మూడు బంగారు నాణేలు అందాయన్న కబురు, చివర్లో ఊళ్లోవాళ్లందరికీ పేరుపేరునా వందనాలు. ఆ వెంటనే థెస్సలొనీకయులకు రాసిన మొదటి పత్రికను దాని పక్కనే పెట్టి చూస్తే, పేర్లు, వందనం, కృతజ్ఞత, విషయం, ముగింపు వందనాలు అన్న అదే అమరిక కళ్లకు కడుతుంది. తేడా వందనంలో ఉంది. గ్రీకులో మామూలు వందనంగా అందరూ 'ఖైరెయిన్' అని రాసే చోట పౌలు దానికి దగ్గరి శబ్దమున్న 'ఖారిస్', అంటే కృప, అన్న మాటను పెట్టి, దానికి యూదుల వందనమైన సమాధానాన్ని చేర్చాడు. ఆ ఒక్క మార్పులో ఆయన పుట్టి పెరిగిన రెండు లోకాలూ కనిపిస్తాయని బోధకురాలు అన్నప్పుడు, వందలసార్లు చదివిన ఆ మొదటి వాక్యాన్ని నేను మొదటిసారి చదివినట్టు అనిపించింది.

నాలుగో పాఠం కూడా అంతే బాగుంది. రోమీయులకు రాసిన పత్రిక 16వ అధ్యాయంలో తెర్తియు అనే లేఖకుడు తన పేరు చెప్పుకొని సొంతంగా వందనాలు పంపుతాడు. అంటే అంత పెద్ద పత్రికను పౌలు చెబుతుంటే మరొకరు రాశారు. అదే అధ్యాయం మొదట్లో కెంక్రేయ సంఘ పరిచారకురాలైన ఫీబేను చేర్చుకోమని పౌలు రోమావారికి సిఫారసు చేస్తాడు కాబట్టి, పత్రికను మోసుకెళ్లింది ఆమేనని చాలామంది పండితులు భావిస్తారు. గలతీయులకు రాసిన పత్రిక చివర్లో 'ఎంత పెద్ద అక్షరాలతో నా చేత్తో నేనే రాస్తున్నానో చూడండి' అన్న అర్థమొచ్చే మాట ఉంది. ఐగుప్తు ఇసుకలో దొరికిన ఎన్నో పపైరస్ (రెల్లుతో చేసిన కాగితం) ఉత్తరాల్లో పై భాగమంతా ఆరితేరిన లేఖకుడి చక్కని దస్తూరిలోనూ, చివరి రెండు మూడు వరుసలు పంపినవారి సొంత చేవ్రాతలోనూ ఉండటాన్ని ఫోటోలు దగ్గరగా చూపిస్తూ వివరించారు. ఆ గజిబిజి అక్షరాలు చూశాక గలతీయుల వచనానికి వేరే వ్యాఖ్యానం అక్కర్లేదు.

కొరింథీయులకు రాసిన మొదటి పత్రిక మొదటి అధ్యాయంలోని ఒక చోటు గురించి బోధకురాలు చెప్పిన తీరును ప్రత్యేకంగా చెప్పాలి. క్రిస్పుకు, గాయికి తప్ప మీలో ఎవరికీ నేను బాప్తిస్మం ఇవ్వలేదు అని పౌలు గట్టిగా అంటాడు. ఒక్క వాక్యం దాటగానే, స్తెఫను ఇంటివారికి కూడా ఇచ్చాను, ఇంకెవరికైనా ఇచ్చానేమో గుర్తులేదు అని సర్దుకుంటాడు. ఆ స్తెఫను పత్రిక చివర్లో చెప్పిన ప్రకారం అప్పుడు పౌలు దగ్గరే ఉన్నాడు. సిరాతో రాసింది కొట్టివేయకుండా, మనిషి నోటి మాటలో వచ్చే తడబాటును అలాగే ఉంచేశారు. పత్రిక చెప్పి రాయించినదనడానికి దీనికన్నా సజీవమైన సాక్ష్యం దొరకదు.

కాలనిర్ణయం గురించిన పాఠం ఒక్క శాసనం మీద నడుస్తుంది. గ్రీసులోని డెల్ఫీలో ముక్కలుగా దొరికిన క్లౌదియ చక్రవర్తి ఉత్తరువులో గల్లియోను పేరు ఉంది. అందులో చెప్పిన చక్రవర్తి బిరుదుల లెక్కను బట్టి అది క్రీ.శ. 52 ప్రాంతానిది. అపొస్తలుల కార్యములు 18వ అధ్యాయం ప్రకారం అకయకు అధిపతిగా ఉన్న ఈ గల్లియోను ఎదుటే కొరింథులో పౌలును నిలబెట్టారు. గల్లియోను పదవిలో ఉన్నది 51, 52 ప్రాంతంలో కాబట్టి, పౌలు జీవితంలో ఈ ఒక్క మేకు గట్టిగా దిగింది, మిగిలిన తేదీలన్నీ దాని నుంచి ముందుకో వెనక్కో కొలిచినవే. థెస్సలొనీకయులకు రాసిన మొదటి పత్రిక సుమారు 50వ సంవత్సరానిదనీ, మనకు మిగిలిన క్రైస్తవ రచనల్లో బహుశా అదే మొదటిదనీ చెప్పడానికి ఆధారం ఇదే.

ఇక కోర్సుకు ఆయువుపట్టయిన కర్తృత్వ చర్చ. రోమీయులకు, కొరింథీయులకు రెండు, గలతీయులకు, ఫిలిప్పీయులకు, థెస్సలొనీకయులకు మొదటిది, ఫిలేమోనుకు రాసినది, ఈ ఏడూ పౌలువేనన్న విషయంలో పండితుల మధ్య పెద్దగా భేదాభిప్రాయం లేదు. ఎఫెసీయులకు, కొలొస్సయులకు, థెస్సలొనీకయులకు రెండోది, తిమోతికి రెండు, తీతుకు రాసినది, ఈ ఆరింటి మీదే వాదం. ఎఫెసీయుల పాఠాన్ని వ్రాతప్రతులతో మొదలుపెట్టడం మంచి ఆలోచన. సుమారు 200వ సంవత్సరానికి చెందిన పి46 అనే పపైరస్ పుస్తకంలో, ఆ తర్వాత నాలుగో శతాబ్దపు సినాయ్, వాటికన్ బైబిలు ప్రతుల్లో దిద్దుబాట్లకు ముందున్న పాఠంలో, మొదటి వచనంలో ఉండాల్సిన 'ఎఫెసులో' అన్న మాట లేదు. రెండో శతాబ్దంలో మార్కియోను అనే బోధకుడు దీన్నే లవొదికయులకు రాసిన పత్రిక అని పిలిచాడు. ఆ తర్వాత తుకికు అనే సహచరుణ్ణి పంపుతున్నానని చెప్పే వచనాలను ఎఫెసీయుల చివరి నుంచి, కొలొస్సయుల చివరి నుంచి తీసి పక్కపక్కన పెట్టారు. గ్రీకులో ఆ రెండు చోట్లా వాక్యం దాదాపు మాటకు మాట ఒక్కటే. ఒకే రోజు ఒకే మనిషి రెండు పత్రికలు పంపినా ఇలా ఉండవచ్చు, ఒకరు మరొకరి పత్రికను ముందు పెట్టుకుని రాసినా ఇలాగే ఉండవచ్చు. ఆ రెండు అవకాశాలనూ బోధకురాలు నిజాయతీగా మన ముందు పెట్టారు.

అంత జాగ్రత్తగా నడిచిన కోర్సు కాపరి పత్రికల (తిమోతికి రాసిన రెండు, తీతుకు రాసినది) దగ్గరికి వచ్చేసరికి ఎందుకు తొందరపడిందో నాకు అర్థం కాలేదు. తిమోతికి రాసిన మొదటి పత్రికను 1807లో జర్మన్ వేదాంతి ష్లయర్‌మాకర్ ప్రశ్నించడం, 1921లో హారిసన్ అనే పండితుడు పదాల లెక్క తీసి, పేర్లు తీసేయగా ఈ మూడింటిలోని 848 వేర్వేరు పదాల్లో 306 పౌలు పేరున్న మిగిలిన పత్రికల్లో లేవని తేల్చడం, ఇవి రెండూ తప్పక చెప్పాల్సిన విషయాలే, చెప్పారు కూడా. కానీ ఆ పట్టిక చూపించి 'కాబట్టి పౌలు రాయలేదు' అని ఒక్క మాటలో ముగించారు. మూడు, నాలుగు పాఠాల్లో లేఖకుడి గురించి అంత ఓపికగా నేర్పినవారు, ఆ లేఖకుడికి పౌలు ఎంత స్వేచ్ఛ ఇచ్చి ఉండవచ్చునన్న ప్రశ్నను ఇక్కడ అడగనే లేదు. కొలొస్సయుల మొదటి వచనంలో పౌలుతో పాటు తిమోతి పేరు ఉంది. థెస్సలొనీకయుల రెండు పత్రికల్లోనూ సిల్వాను, తిమోతి ఇద్దరి పేర్లూ ఉన్నాయి. ఆ సహపంపకుల వాటా ఏమిటన్న చర్చా లేదు. కాపరి పత్రికలు పౌలు తర్వాతి తరానివన్న వాదం నాకూ బలమైనదిగానే తోస్తుంది. సంఘంలో పెద్దల, పరిచారకుల ఏర్పాటు వాటిలో ఎంత స్థిరపడి కనిపిస్తుందో చూస్తే ఆ అభిప్రాయం ఇంకా బలపడుతుంది. అయితే ఆ నిర్ణయానికి చేరే దారిని విద్యార్థి నడిచి చూడాలి. లెక్కల పట్టిక ఆ పని చేయదు.

ఈ లోపం పరీక్షలో మరీ కొట్టొచ్చినట్టు కనిపించింది. 'కొలొస్సయులకు పత్రిక రాసింది ఎవరు?' అన్న ప్రశ్నకు 'పౌలు', 'పౌలు కాదు' అని రెండే గడులు ఇచ్చారు. మొదటి గడి నొక్కితే తప్పు అని ఎర్రగా వచ్చింది. ఆ పాఠంలోనే బోధకురాలు పండితులు రెండుగా చీలిన విషయం చెప్పారు. దీని గురించి నిర్వాహకులకు రాశాను. మర్యాదగానే జవాబు ఇచ్చారు కానీ, మార్కులు యంత్రం వేస్తుంది కాబట్టి ఇలాగే ఉంచక తప్పదన్నారు. అలాంటప్పుడు ఆ ప్రశ్నను అసలు అడగకుండా ఉండటమే న్యాయం.

మారుపేరుతో రాయడం గురించిన పాఠంలో మళ్లీ పాత నాణ్యత కనిపించింది. ఆ కాలంలో గురువు పేరుతో శిష్యులు రాయడం మామూలే, ఎవరూ తప్పు పట్టేవారు కాదన్న మాట తరచుగా వింటాం. ఆ మాటకు ఎదురుగా ఆమె తొలినాటి క్రైస్తవ రచయిత టెర్టూలియన్ చెప్పిన సంగతిని పెట్టారు. ఆసియాలో ఒక సంఘపెద్ద పౌలు పేరు మీద కథ అల్లాడని తేలినప్పుడు, పౌలు మీద ప్రేమతోనే చేశానని ఒప్పుకున్నా ఆయన పదవి పోయింది. థెస్సలొనీకయులకు రాసిన రెండో పత్రికలోనే, మేము రాసినట్టుగా ఏదైనా పత్రిక వస్తే కలవరపడకండి అన్న హెచ్చరిక ఉంది. ఆ హెచ్చరిక ఉన్న పత్రిక కర్తృత్వమే వివాదంలో ఉండటం గురించి ఆమె ఎవరి విశ్వాసాన్నీ నొప్పించకుండా, ఏదీ దాచకుండా మాట్లాడారు. భక్తుడైనా సందేహి అయినా ఈ పాఠాన్ని తలవంచకుండా వినగలడు.

హెబ్రీయుల పత్రికకు ఒకే పాఠం, అది చాలు. పి46లో అది రోమీయుల పత్రిక వెంటనే, పౌలు పత్రికల మధ్యలో ఉంటుంది. అయినా దాన్ని నిజంగా ఎవరు రాశారో దేవుడికే తెలుసని మూడో శతాబ్దంలోనే వేదపండితుడు ఓరిగెన్ అన్నట్టు సంఘ చరిత్రకారుడు యూసేబియస్ భద్రపరిచాడు.

యాకోబు, పేతురు, యోహాను, యూదాల పేర్ల మీదున్న సాధారణ పత్రికలకు మాత్రం అన్యాయం జరిగింది. ఏడు పత్రికలను రెండు పాఠాల్లో పరుగెత్తించారు. పేతురు రెండో పత్రిక రెండో అధ్యాయానికీ, 25 వచనాల యూదా పత్రికకూ ఉన్న పోలికను ఒక్క చిత్రంతో దాటేశారు. యూదా పత్రిక పాత యూదు రచన అయిన హనోకు గ్రంథం నుంచి ఒక ప్రవచనాన్ని పేరు చెప్పి మరీ తీసుకుంటుంది, పేతురు రెండో పత్రికలో ఆ భాగం కనిపించదు. ఎవరు ఎవరిని చూసి రాశారు, దేన్ని ఎందుకు వదిలేశారు అని వచనం వచనం పోల్చి చూడటానికి ఇంతకన్నా మంచి చోటు లేదు.

రెండో శతాబ్దం తొలినాళ్ల అంతియొకయ బిషప్పు ఇగ్నేషియస్ పత్రికల విషయంలో నా అసంతృప్తి ఇంకా ఎక్కువ. మధ్యయుగాల్లో ఆయన పేరు మీద అసలు, నకిలీ కలిసిపోయిన పెద్ద కట్ట చలామణి అయ్యేది. ఇంగ్లండులోని పాత రచయితలు ఉదహరించిన వాక్యాలు ఆ కట్టతో కలవకుండా, యూసేబియస్ ఉదహరించిన పాఠంతో కలవడాన్ని ఆర్చిబిషప్ అషర్ గమనించాడు, ఆ జాడ పట్టుకుని లాటిన్ ప్రతులను వెతికి 1644లో అచ్చువేశాడు. రెండేళ్లకే ఫ్లోరెన్స్ ప్రతి నుంచి గ్రీకు పాఠం కూడా అచ్చయింది. 1845లో మూడే పత్రికలున్న సిరియా భాషా పాఠం వెలుగులోకి వచ్చి వాదం మళ్లీ మొదలైంది. ఆ శతాబ్దం చివరికి పండితులు సాన్, లైట్‌ఫుట్‌ల కృషితో ఏడు పత్రికలు అసలైనవన్న నిర్ణయానికి ఎక్కువమంది వచ్చారు. నకిలీని అసలు నుంచి ఎలా వేరుచేస్తారో, ఒకసారి తేలిందనుకున్నది మళ్లీ ఎలా కదులుతుందో చూపించే ఇంత చక్కని కథను కోర్సు నాలుగు నిమిషాల్లో ముగించింది. కాపరి పత్రికలకు ముందే దీన్ని ఒక పూర్తి పాఠంగా పెట్టి ఉంటే, ఆ లెక్కల పట్టికను చూసే కన్ను విద్యార్థికి వచ్చేది.

సాంకేతికంగా చెప్పాల్సింది కొంచెమే. వీడియో, ధ్వని స్పష్టంగా ఉన్నాయి. వ్రాతప్రతుల ఫోటోలను పెద్దవి చేసి చూసుకునే వీలుంది. గ్రీకు రాకపోయినా ఇబ్బంది లేదు, ప్రతి మాటనూ పలికి అర్థం చెబుతారు. తెర కింద వచ్చే అక్షరాల్లో పేర్లు చాలాచోట్ల తప్పుగా ఉన్నాయి, తుకికు పేరు మూడు పాఠాల్లో మూడు రకాలుగా కనిపించింది.

ఈ కోర్సు తీసుకునేవారికి నేను చెప్పేది, మొదటి రెండు పరిచయ పాఠాలను పక్కన పెట్టి, ఫిలేమోనుకు రాసిన పత్రికను ఒకసారి చదువుకుని నేరుగా మూడో పాఠానికి వెళ్లమని. 25 వచనాల ఆ చిన్న పత్రికలో అన్నీ ఉన్నాయి. మొదటి వచనంలోనే సహపంపకుడిగా తిమోతి ఉన్నాడు. ఒనేసిము అనే దాసుడు ఉన్నాడు, 'ఉపయోగపడేవాడు' అన్న అర్థమున్న అతని పేరుతోనే చమత్కరిస్తూ పౌలు అతన్ని వెనకేసుకొచ్చాడు. 19వ వచనంలో 'పౌలు అనే నేను నా చేత్తో రాస్తున్నాను, ఆ అప్పు నేను తీరుస్తాను' అన్న మాట ఉంది. అప్పు తీసుకున్నవారు తమ చేత్తో రాసి ఇచ్చిన పత్రాలు ఐగుప్తు పపైరస్‌లలో కుప్పలుగా దొరికాయి. నాలుగో పాఠం చివర్లో అలాంటి ఒక పత్రాన్ని చూపిస్తారు. వీడియోను అక్కడ ఆపి, ఆ అక్షరాలను పెద్దవి చేసి, 19వ వచనం పక్కన పెట్టుకుని చూడండి.