జిమ్నీ కింద ఎత్తు పెంచాలంటే ఏది మేలు: పెద్ద టైర్లా, లిఫ్ట్ కిట్టా?

వికారాబాద్ జిల్లా పరిగి దాటాక లోపలి ఊళ్లకు పోయే బండ్లబాటల్లో వానలు పడ్డాక ట్రాక్టర్లు తిరిగి తిరిగి రెండు లోతైన చాళ్లు పడతాయి. మధ్యలో నల్లరేగడి దిబ్బ మిగులుతుంది. అలాంటి బాటలో నా ఐదు తలుపుల మారుతి జిమ్నీ ఆగిపోయింది. ఫోర్ వీల్ లో గేరు వేసినా నాలుగు టైర్లూ తిరుగుతున్నాయి, బండి మాత్రం అంగుళం కదలదు. దిగి వంగి చూస్తే వెనక యాక్సిల్ మధ్యలో కుండలా ఉబ్బి ఉండే డిఫరెన్షియల్ దిబ్బలోకి దిగి, మట్టిని నాగలిలా చీల్చి ఉంది. పక్క చేను రైతు వచ్చి ఒక్క చూపులో చెప్పేశాడు: "బండి దిబ్బ మీద కూసుంది సార్. బరువంతా దిబ్బనే మోస్తున్నది, టైర్ల మీద పడుతలేదు." ఆయన ట్రాక్టరుకి తాడు కట్టి లాగితే గానీ బయటపడలేదు.

ఇది విన్న మా బావ వెంటనే, "లిఫ్ట్ చేయించెయ్ బామ్మర్దీ, ఇక ఎక్కడా ఆగవు" అన్నాడు. ఆయనదీ జిమ్నీయే. స్ప్రింగులు మార్చి 50 మిల్లీమీటర్లు లేపించాడు, టైర్లు మాత్రం కంపెనీవే. నెల తర్వాత ఇద్దరం కలిసి అదే బాటకి వెళ్లాం. నేను ఆగిన చోటికి పది అడుగుల అవతల ఆయన బండీ ఆగింది. ఈసారీ దిబ్బ మీద కూర్చున్నది ఆ డిఫరెన్షియల్ కుండే. అదే రోజు సాయంత్రం తిరిగొస్తూ ఒక ఎత్తైన పొలం గట్టు అడ్డంగా దాటాల్సి వచ్చింది. ఆయన బండి మెత్తగా దాటింది. నాది నడుము, అంటే ముందు వెనక చక్రాల మధ్య భాగం, కింద బరబరా గీసుకుంటూ దిగింది.

ఒకే రోజు, ఒకే మోడల్ బండ్లు, రెండు రకాల ఫలితాలు. "గ్రౌండ్ క్లియరెన్స్ పెంచాలి, ఏం వేయించమంటారు?" అని ఎవరు అడిగినా నేను ముందు అడిగేది ఒకటే: మీ బండి ఎక్కడ తగులుతోంది?

ముందు టేపు పట్టండి

బ్రోచర్‌లో ఉండే అంకె ఒక్కటే. జిమ్నీకి 210 మిల్లీమీటర్లు, మూడు తలుపుల మహీంద్రా థార్‌కి 226. అది బండి మొత్తంలో నేలకి అన్నిటికంటే దగ్గరగా ఉన్న ఒక్క బిందువు ఎత్తు. మిగతా అడుగుభాగం గురించి ఆ అంకె ఏమీ చెప్పదు.

అపార్ట్‌మెంట్ సెల్లార్‌లో సమతలంగా ఉన్న చోటు చూసి బండి పెట్టండి. టైర్లలో గాలి సరిగ్గా ఉండాలి. ఒక అట్టముక్క పరుచుకుని పడుకుని, స్టీలు టేపుతో ఈ చోట్ల కొలవండి: ముందు, వెనక డిఫరెన్షియల్ కింద, రెండు చక్రాల నడిమధ్య ఛాసిస్ అడ్డపట్టీ కింద, ముందు బంపర్ అంచు, వెనక షాకబ్జర్ల కింది బిగింపులు, సైలెన్సర్. జాకీ మీద లేపిన బండి కింద ఈ పని చేయొద్దు, ప్రమాదం ఉండటమే కాక కొలత కూడా తప్పుతుంది.

నా బండికి వెనక కుండ కింద కంపెనీ చెప్పిన 210 దరిదాపుల్లోనే వచ్చింది. నడుము దగ్గర మాత్రం దాదాపు 270. తర్వాత నలుగురు పెద్దవాళ్లని కూర్చోబెట్టి, వెనక సామాను పెట్టి మళ్లీ కొలిచాను. నడుము మూడు సెంటీమీటర్లు దిగింది. కుండ దగ్గర తగ్గింది నాలుగైదు మిల్లీమీటర్లే, అది కూడా టైరు కాస్త నలిగినందుకు. కారణం తేలికే. జిమ్నీకి ముందూ వెనకా సాలిడ్ యాక్సిళ్లు, అంటే రెండు చక్రాలనీ కలిపే ఒకే గట్టి ఇరుసు. కుండ యాక్సిల్‌లో భాగం, యాక్సిల్ రెండు చివరలా చక్రాలే. స్ప్రింగులు ఉండేది యాక్సిల్ పైన. బరువు వేసినా, స్ప్రింగులు మార్చి లేపినా కదిలేది స్ప్రింగుల పైనున్న బండే. కుండ ఎత్తుని నిర్ణయించేది టైరు ఒక్కటే. మా బావ బండి రెండంగుళాలు లేచినా అదే దిబ్బ మీద ఎందుకు కూర్చుందో ఆ రోజు సెల్లార్‌లో నాకు కళ్లకి కట్టింది.

అడ్డంగా ఉండే గట్టు సంగతి వేరు. దాన్ని దాటేటప్పుడు లెక్కలోకి వచ్చేది బ్రేక్‌ఓవర్ కోణం, అంటే నడుము తగలకుండా బండి ఎంత వాలు గట్టు దాటగలదో చెప్పే కోణం. దాన్ని నిర్ణయించేవి రెండు: నడుము ఎత్తు, రెండు యాక్సిళ్ల మధ్య దూరం (వీల్‌బేస్). విదేశాల్లో అమ్మే మూడు తలుపుల జిమ్నీకీ మన ఐదు తలుపుల దానికీ గ్రౌండ్ క్లియరెన్స్ ఒకటే, 210. కానీ దాని వీల్‌బేస్ 2,250 మిల్లీమీటర్లు, మనది 2,590. ఆ 340 మిల్లీమీటర్ల తేడాకే కోణం 28 డిగ్రీల నుంచి 24కి పడిపోయింది. థార్‌లోనూ అంతే. వీల్‌బేస్ 2,450 ఉన్న మూడు తలుపుల థార్‌కి 27 డిగ్రీలు, 2,850 ఉన్న ఐదు తలుపుల థార్ రాక్స్‌కి 23.9.

టైర్లు: కుండని లేపేది ఇవే

జిమ్నీకి కంపెనీ ఇచ్చే టైరు 195/80 ఆర్15. 195 టైరు వెడల్పు, అందులో 80 శాతం పక్కగోడ ఎత్తు, అంటే 156, పైనా కిందా కలిపి 312, రిమ్ 15 అంగుళాలు అంటే 381. మొత్తం వ్యాసం 693 మిల్లీమీటర్లు. చాలామంది మొదట వేయించేది 215/75 ఆర్15. దాని వ్యాసం 703.5. పెరిగిన పదిన్నరలో కుండకి దక్కేది సగమే, అంటే ఐదు మిల్లీమీటర్ల చిల్లర. మిగతా సగం ఇరుసు పైకి పోతుంది. షాపులో "టైరు మారిస్తే బండి బాగా లేస్తుంది సార్" అంటే ఈ లెక్క వేసుకోండి. 215 వేయించడానికి అసలు కారణం ఎత్తు కాదు, ఆల్ టెరైన్ (రోడ్డుకీ మట్టికీ పనికొచ్చే) టైరుకుండే పట్టు, గట్టి పక్కగోడ. ఆ రెండింటి కోసం నేను కళ్లు మూసుకుని సిఫార్సు చేస్తాను.

నిజంగా ఎత్తు కావాలంటే 235/75 ఆర్15. వ్యాసం 733.5, కుండ 20 మిల్లీమీటర్లు లేస్తుంది. ట్రాక్టరు చాళ్లలో ఆ రెండు సెంటీమీటర్లు చాలా పెద్ద తేడా. పైగా నడుము, బంపర్లు అన్నీ అంతే లేస్తాయి. కానీ దీని వెనక ఖర్చులున్నాయి. కంపెనీ రిమ్ వెడల్పు ఐదున్నర అంగుళాలు, 235 టైరుకి అది ఇరుకు, కాబట్టి రిమ్ములూ మారాలి. స్టీరింగ్ పూర్తిగా తిప్పితేనో, ఒక చక్రం పూర్తిగా లోపలికి నొక్కుకుంటేనో టైరు రాసుకోవచ్చు. టైరు దాదాపు ఆరు శాతం పెద్దది కాబట్టి మీటరు 80 చూపిస్తుంటే బండి పాత టైర్లతో 84-85 చూపించేంత వేగంతో పోతుంది. ప్రతి గేరులో లాగే శక్తి కూడా దాదాపు అంతే తగ్గుతుంది. జిమ్నీది 105 హార్స్‌పవర్ పెట్రోల్ ఇంజిన్, టార్క్ 134 న్యూటన్ మీటర్లు. మారేడుమిల్లి ఘాట్‌లో నలుగురితో ఎక్కేటప్పుడు మూడో గేరులో పోయే చోట రెండోది వేయాల్సి వస్తుంది. బరువైన టైరుని ఆపడానికి బ్రేకులకీ ఎక్కువ పని. స్టెప్నీ కూడా అదే సైజుది కొనాలి, లేకపోతే పంక్చర్ పడ్డ రోజు ఫోర్ వీల్ వాడలేరు.

లిఫ్ట్ కిట్: గట్టు దాటించేది

స్ప్రింగులు, షాకబ్జర్లు రెండూ పొడవైనవి వేసి 50 మిల్లీమీటర్లు లేపితే నడుము 270 నుంచి 320కి వస్తుంది. కోణం నా లెక్క ప్రకారం దాదాపు నాలుగు డిగ్రీలు పెరుగుతుంది. అంటే మూడు తలుపుల జిమ్నీకి పుట్టుకతో ఉన్న 28 డిగ్రీల దగ్గరికి మన పొడుగు బండిని తెచ్చినట్టు. బంపర్లు కూడా లేస్తాయి, చక్రానికి చోటు పెరుగుతుంది. పొలం గట్లు, వాగు ఒడ్లు, కొండబాటలో మెట్లలాంటి రాళ్లు ఎక్కువ దాటేవాళ్లకి ఇది నిజమైన మేలు.

అయితే స్ప్రింగులు మార్చడంతో పని అయిపోదు, మా బావ నష్టపోయింది ఇక్కడే. బండి లేచినప్పుడు యాక్సిల్‌ని పట్టుకునే కడ్డీల కోణం మారి ముందు యాక్సిల్ కొంచెం తిరుగుతుంది, క్యాస్టర్ (ముందు చక్రాలు తిరిగే ఇరుసు వెనక్కి వాలి ఉండే కోణం) తగ్గుతుంది. క్యాస్టర్ తగ్గితే మలుపు తిరిగాక స్టీరింగ్ తనంతట తాను వెనక్కి రాదు, హైవే మీద బండి అటూ ఇటూ తేలుతుంది. ఆయన రెండు నెలలు అలాగే నడిపాడు. శంషాబాద్ వైపు ఔటర్ మీద ఆ బండి నేను నడిపినప్పుడు నిజంగా టెన్షన్ వచ్చింది, లారీని దాటుతుంటే రెండు చేతులూ బిగబట్టి పట్టుకోవాల్సి వచ్చింది. అలైన్‌మెంట్ చేయిస్తే పోతుందని వేసినచోట చెప్పారట. జిమ్నీ లాంటి సాలిడ్ యాక్సిల్ బండికి మామూలు అలైన్‌మెంట్‌తో క్యాస్టర్ సరికాదు, దానికి ప్రత్యేకమైన బుష్షులు వేయాలి. యాక్సిల్‌ని అడ్డంగా పట్టి ఉంచే పానార్డ్ రాడ్ కూడా సర్దుకునే రకం ఉండాలి, లేకపోతే యాక్సిల్ ఒక పక్కకి జరిగి ఉంటుంది. బ్రేక్ హోసులు చక్రం పూర్తిగా వేలాడినప్పుడు బిగుసుకోకుండా చాలాలి. హెడ్‌లైట్లు కిందికి దించాలి, లేకపోతే ఎదురొచ్చేవాళ్ల కళ్లలో పడతాయి.

ఇంకో సంగతి. జిమ్నీ వెడల్పు 1,645, ఎత్తు 1,720. ముందే వెడల్పు కంటే ఎత్తున్న బండి. పైన క్యారియర్ వేసి, దాని మీద టెంట్ కట్టి, కింద 50 లేపితే పక్కవాలులో అది ఎంత తేలిగ్గా ఒరుగుతుందో నడిపేవాళ్లకి తెలియాలి. 75, 100 మిల్లీమీటర్ల లిఫ్ట్ ఇంట్లోవాళ్లని ఎక్కించుకునే బండికి వద్దని గట్టిగా చెబుతాను.

స్పేసర్లు చవక దారి. స్ప్రింగుకీ దాని పీటకీ మధ్య 30 మిల్లీమీటర్ల అడ్డు పెడతారు. లేపడం నిజమే, కానీ షాకబ్జర్ పాత పొడవుదే కాబట్టి చక్రం కిందికి వేలాడే దూరం పెరగదు. గుంతలో చక్రం నేలని అందుకోక గాల్లో తిరుగుతుంది. ఆఫ్‌రోడ్‌కి ఎత్తు ఎంత ముఖ్యమో ఆ వేలాడటమూ అంతే ముఖ్యం. ఇక స్ప్రింగు చుట్ల మధ్య ఇరికించే రబ్బరు బఫర్లు వేయించకండి. అవి స్ప్రింగుని పూర్తిగా పని చేయనివ్వవు, ప్రతి గుంతా కూర్చున్నవాళ్ల నడుముకి తెలుస్తుంది. ఛాసిస్ మీద నుంచి బాడీని మాత్రమే లేపే బాడీ లిఫ్ట్‌తో పెద్ద టైరుకి చోటొస్తుంది గానీ ఛాసిస్ కింద ఒక్క మిల్లీమీటరు కూడా పెరగదు.

థార్ ఉన్నవాళ్లకి ఒక తేడా. దానికి ముందు ఇండిపెండెంట్ సస్పెన్షన్ (రెండు చక్రాలూ వేటికవే కదిలేది), ముందు డిఫరెన్షియల్ ఛాసిస్‌కే బిగించి ఉంటుంది. అందుకని లిఫ్ట్ చేస్తే అది లేస్తుంది, వెనకది లేవదు. ముందు డ్రైవ్ షాఫ్టుల కోణం ఎక్కువై రబ్బరు బూట్లు త్వరగా చిరుగుతాయి, ప్రతి సర్వీసుకీ చూపించుకోండి.

చట్టం మాట

మోటారు వాహనాల చట్టం 52వ సెక్షన్ ప్రకారం తయారీదారు ఇచ్చిన వివరాలకి భిన్నంగా బండిని మార్చకూడదు. 2019 జనవరిలో సుప్రీంకోర్టు కూడా ఇదే చెప్పింది. 182ఏ(4) కింద ఒక్కో మార్పుకి 5,000 రూపాయల జరిమానా గానీ, ఆరు నెలల వరకు జైలు గానీ, రెండూ గానీ పడొచ్చు. కిట్ అమ్మేవాళ్లలో ఎక్కువమంది ఈ మాట ఎత్తరు. డబ్బు కట్టే ముందే ఆర్టీఏ ఆఫీసులోనూ, బీమా కంపెనీ దగ్గరా రాతపూర్వకంగా అడగండి. పెద్ద టైర్లకీ ఇది వర్తించవచ్చు.

నా ఓటు

మీ దారుల్లో ఎక్కువ ట్రాక్టరు చాళ్లు, మధ్య దిబ్బలు, రాళ్ల వాగులు ఉంటే డబ్బు టైర్ల మీద పెట్టండి. గట్లు, మెట్ల రాళ్లు ఎక్కువైతే లిఫ్ట్ కిట్, అది కూడా 40-50 లోపు, షాకబ్జర్లు, క్యాస్టర్ బుష్షులు అన్నీ కలిపి ఒకేసారి. సగం సామాను ఇప్పుడు, సగం తర్వాత అంటే ఆ మధ్యకాలంలో మా బావలా ఇబ్బంది పడతారు. నెలకోసారి అనంతగిరి దాకా పోయి వచ్చేవాళ్లకి ఈ రెండూ అక్కర్లేదు. 215 ఆల్ టెరైన్ టైర్లు, డిఫరెన్షియల్‌కీ, ముందు వెనక యాక్సిళ్లకి శక్తిని పంచే ట్రాన్స్‌ఫర్ కేస్‌కీ కింద గట్టి రక్షణ పలక చాలు. తగిలినా పగలకపోవడం కూడా సగం క్లియరెన్స్ పెరిగినట్టే. నేను చేయించుకున్నది ఇంతే.

మిగతాది బాటలో టైరు ఎక్కడ పెడతామన్నదే. పోయిన నెల అదే పరిగి బాటకి మళ్లీ వెళ్లాం. బావ ఈసారి 215 టైర్లు, బుష్షులు రెండూ వేయించుకుని వచ్చాడు. చాళ్ల దగ్గర నేను దిగి ముందు నడిచి చూశాను, మట్టి పైపైన ఆరింది. ఎడమ టైర్లు మధ్య దిబ్బ మీదికి, కుడి టైర్లు చాలు బయటి అంచు మీదికి ఎక్కించి, లో గేరులో నెమ్మదిగా పోనిచ్చాం. చాలు పూర్తిగా రెండు టైర్ల మధ్యకి వచ్చింది, కుండ కింద జానెడుకి పైనే ఖాళీ. అవతల చేనులో ఆ రైతే ఉన్నాడు, ఈసారి ట్రాక్టరు స్టార్ట్ చేయాల్సిన పని ఆయనకి పడలేదు.