గడువు దాటిన అప్పీలు: వినియోగదారుల కమిషన్‌లో డిలే పిటిషన్ ఏర్పాటు ఎలా ఉంది?

జిల్లా వినియోగదారుల కమిషన్‌లో (జనం నోట ఇంకా ఫోరమే) కేసు ఓడిపోతే రాష్ట్ర కమిషన్‌కి అప్పీలు వేయాలి. తెలంగాణ వాళ్లకి అది హైదరాబాద్‌లో, ఆంధ్రా వాళ్లకి విజయవాడలో ఉంది. 1986 వినియోగదారుల రక్షణ చట్టం దీనికి 30 రోజులే ఇచ్చేది. 2019 చట్టం 41వ సెక్షన్ దాన్ని 45 రోజులు చేసింది. అదీ దాటిపోయినా దారి లేకపోలేదు. ఆలస్యానికి తగిన కారణం చూపిస్తూ అప్పీలుతో పాటే డిలే కండోనేషన్ పిటిషన్ (ఆలస్యాన్ని మన్నించమని కోరే అర్జీ), దానికో అఫిడవిట్ (ప్రమాణ పత్రం) పెట్టాలి. సామాన్యుడికి నిజంగా ఉపయోగపడే ఏర్పాటు ఇది. కాకపోతే చాలామంది దీన్ని ఒక ఫార్మాలిటీగా చూస్తారు, అక్కడే దెబ్బతింటారు.

ముందు రోజుల లెక్క. చట్టంలో ‘ఆర్డర్ తేదీ నుంచి’ అని ఉన్నా, పార్టీకి ఆ ఆర్డర్ తెలియజేసిన రోజు నుంచే లెక్క అని సుప్రీంకోర్టు 1995లోనే తేల్చింది. అందుకే కమిషన్ నుంచి ఆర్డర్ ఉచిత కాపీ వచ్చిన కవరు పారేయకండి, దాని మీది పోస్టల్ ముద్రే మీ సాక్ష్యం. కాపీ మార్చి 3న చేతికొచ్చిందనుకుందాం. ఆ రోజు వదిలేసి 4వ తేదీ నుంచి లెక్కేస్తే ఏప్రిల్ 17తో 45 రోజులు పూర్తి. అప్పీలు మే 20న వేస్తే ఆలస్యం 33 రోజులు. పిటిషన్‌లో, అఫిడవిట్‌లో, పిటిషన్ చివర ఏం కోరుతున్నారో రాసే పేరాలో ఈ 33 ఒకేలా ఉండాలి. ఒకచోట 33, ఇంకోచోట 36 అని పడితే స్క్రూటినీలో (కాగితాల పరిశీలనలో) అభ్యంతరం పెట్టి వెనక్కి పంపుతారు, ఆలస్యం ఇంకా పెరుగుతుంది.

అసలు బలం అఫిడవిట్‌లో ఉంటుంది. ‘అనివార్య కారణాల వల్ల, ఉద్దేశపూర్వకంగా కాదు’ అన్న రెండు వాక్యాలతో పని జరగదు. ఏ తేదీ నుంచి ఏ తేదీ వరకు ఏం జరిగిందో వరుసగా రాయాలి, ప్రతి దానికీ ఒక కాగితం జతచేయాలి. ఆసుపత్రిలో ఉంటే డిశ్చార్జ్ సమ్మరీ, ఇంట్లో చావు జరిగితే మరణ ధ్రువపత్రం. అనారోగ్యం ఏప్రిల్ 30తో తగ్గిపోతే మే 1 నుంచి 20 వరకు ఏం చేశారన్నదే తర్వాతి ప్రశ్న. చాలా పిటిషన్లు ఈ చివరి ఖాళీ దగ్గరే పడిపోతాయి. వకీలు చెప్పలేదన్న కారణం ఒక్కదాని మీదే ఆధారపడటం ప్రమాదం. ఆయనకి మీరు పంపిన మెసేజ్‌లు, ఉత్తరాలు ఉంటే తప్పకుండా జతచేయండి.

న్యాయస్థానాల ధోరణిలో రెండు పాయలున్నాయి. ప్రతి రోజు ఆలస్యానికీ సంజాయిషీ కావాలన్న మాటను మరీ పట్టుదలగా అన్వయించకూడదని 1987లో సుప్రీంకోర్టు చెప్పింది. కానీ వినియోగదారుల కేసులు త్వరగా తేలడానికే చట్టం ప్రత్యేక గడువులు పెట్టిందని, మన్నించేటప్పుడు అది గుర్తుంచుకోవాలని 2011లో అదే కోర్టు అంది. కమిషన్లలో ఎక్కువగా వినిపించేది ఈ రెండోదే. కాబట్టి వారం, పది రోజుల ఆలస్యానికీ, ఏడాది ఆలస్యానికీ ఒకే రకం అఫిడవిట్ సరిపోదు.

2025 జనవరి 1న మొదలైన ఈ-జాగృతి (వినియోగదారుల కేసులు ఆన్‌లైన్‌లో వేసే) పోర్టల్ వల్ల ఇంటి నుంచే దాఖలు చేసుకోవచ్చు, దూరపు జిల్లాల వాళ్లకి ఇది పెద్ద ఊరట. అయితే అఫిడవిట్ నోటరీ చేయించాకే స్కాన్ చేయండి, తేదీలు కనబడని మసక స్కాన్ పెట్టకండి.

ఈ ఏర్పాటులో మాకు నచ్చని విషయం ఒకటే. గడువులు ఒక్కో మెట్టుకీ ఒక్కోలా ఉన్నాయి. రాష్ట్ర కమిషన్ నుంచి జాతీయ కమిషన్‌కి 30 రోజులే. ఇక్కడా 45 ఉందనుకుని మోసపోయేవాళ్లున్నారు. కింది కమిషన్‌లో ఎదుటి పక్షం జవాబు వేయడానికైతే 30 రోజులు, ఆపైన ఇంకో 15, అంతే. ఆ తర్వాత ఒక్క రోజు కూడా మన్నించే అధికారం లేదని 2020లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం స్పష్టం చేసింది.

మీరు గెలిచి, కంపెనీ ఆలస్యంగా అప్పీలు వేస్తే ఊరుకోకండి. డిలే పిటిషన్‌కి విడిగా కౌంటర్ (రాతపూర్వక జవాబు) వేయండి. ఫైలు ఒక ఆఫీసు నుంచి ఇంకో ఆఫీసుకి తిరిగిందన్న సాకును, 427 రోజుల ఆలస్యమున్న తపాలా శాఖ కేసులో 2012లోనే సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. చెల్లించాల్సిన సొమ్ములో 50 శాతం డిపాజిట్ చేశారో లేదో కూడా చూడండి, అది లేకుండా అప్పీలు స్వీకరించరు. అప్పీలు వేసినంత మాత్రాన ఆర్డర్ ఆగదు. స్టే ఇవ్వనంత వరకు 71, 72 సెక్షన్ల కింద అమలు పిటిషన్ వేసుకోవచ్చు.