టిజీ ఊజూ బస, ఆత్ యెన్నీ భోజనం

అల్జీరియా రాజధాని అల్జియర్స్‌లో గడిపిన రెండు రోజుల గురించి చెప్పుకోదగ్గదేమీ లేదు. అక్కడికి తూర్పున సుమారు 100 కిలోమీటర్ల దూరంలో ఉన్న టిజీ ఊజూకు షేరు టాక్సీలో తలకు 400 దినార్లిచ్చి మధ్యాహ్నానికల్లా చేరుకున్నాం. మాతో వచ్చిన మిత్రుడు ప్యారిస్‌లో పుట్టి పెరిగిన కబైల్, అంటే ఈ కొండ ప్రాంతపు బెర్బెర్ జాతివాడు. తాతగారి ఊరు చూడాలన్న అతని కోరికే ఈ ప్రయాణానికి మూలం.

బస్టాండు దగ్గరి లాడ్జిలో గదికి రోజుకు 5,500 దినార్లని ఫోనులో చెప్పిన గుమాస్తా, మా పాస్‌పోర్టులు చేతికందగానే విదేశీయులకు 8,000 అన్నాడు. రెండు రాత్రులూ వేణ్ణీళ్లు రాలేదు. చన్నీళ్ల స్నానం చేసిన మా ఆవిడ ఆ పూటంతా నాతో మాట్లాడలేదు. మిత్రుణ్ణి నొప్పించింది మాత్రం మరొకటి: అతను తడబడుతూ కబైల్ భాషలో అడిగిన ప్రతి మాటకూ గుమాస్తా ఫ్రెంచిలోనే బదులిచ్చి, "మీరు వలస వెళ్లినవాళ్లు కదా" అని నవ్వాడు. ప్రాచీన కబైల్ కవిత్వంపై రచయిత మౌలూద్ మామెరి ఇవ్వవలసిన ఉపన్యాసాన్ని 1980 మార్చిలో ప్రభుత్వం నిషేధిస్తే జనం తిరగబడింది ఈ ఊళ్లోనే. కబైల్ కూడా ఒక రూపమైన బెర్బెర్ భాష తమాజిగ్త్‌కు అధికార భాష హోదా 2016లో గానీ దక్కలేదు. అలాంటి ఊళ్లో తన భాష లాడ్జి కౌంటరు దగ్గర చెల్లకపోయిందని మిత్రుడు రాత్రంతా గొణుగుతూనే ఉన్నాడు.

మూడో రోజు టాక్సీకి 3,000 దినార్లిచ్చి, జుర్జురా పర్వతాలకు ఎదురుగా కొండ మీద ఉన్న ఆత్ యెన్నీకి వెళ్లాం. అక్కడ మిత్రుడి వరుసకు నాయనమ్మ అయ్యే ముసలమ్మ అతని పేరు అడగలేదు, మన పల్లెల్లో "ఎవరబ్బాయివి?" అన్నట్టే ఏ ఇంటివాడివని అడిగి, తాతగారి పేరు వినగానే రెండు చేతులతో అతని ముఖం పట్టుకుని చాలాసేపు చూసింది. ఆ తరువాత ఆవిరిపై ఉడికించిన కూరగాయలు కలిపి, ఆలివ్ నూనె ధారగా పోసిన కుస్కుస్ (గోధుమ రవ్వ వంటకం) పెట్టింది. దీన్ని అమెక్ఫుల్ అంటారట. వెంట మజ్జిగ. నాలుగు రోజులుగా రొట్టెలతో విసిగిపోయిన శాకాహారి మా ఆవిడ రెండోసారి అడిగి వడ్డించుకుంది. డబ్బిస్తే ఆ పెద్దావిడ కోప్పడింది. ఎనామిల్ పూత, పగడం పొదిగిన ఇక్కడి వెండి నగలు కొనాలనుకునేవారు పట్నం దుకాణాలను నమ్మకుండా ఈ ఊరి పనివాళ్ల దగ్గరే కొనాలని నా సలహా. చెవిపోగులకు మాకు 7,000 అయింది.

సాయంత్రం సామాను కోసం లాడ్జికి వెళ్లి రసీదు అడిగితే, అందులో గది అద్దె 5,500 అనే రాసి ఉంది. మిత్రుడు ఈసారి తడబడకుండా కబైల్‌లోనే తగవు పడ్డాడు గానీ, ఒక్క దినారూ వెనక్కి రాలేదు.