తాటిదోనె, పుట్టి, నాటుపడవ: ఏది మేలు?

కొల్లేరులో మొదటిసారి తాటిదోనె ఎక్కినప్పుడు నాకు అర్థమైంది ఒక్కటే: ఇందులో దగ్గొచ్చినా జాగ్రత్తగా దగ్గాలి. "లెగవకండి బాబూ, అలాగే కూచోండి" అని వెనక గెడ వేస్తున్న పెద్దాయన రెండుసార్లు చెప్పాడు. లేచే ధైర్యం నాకెక్కడిది! ఆయన మాత్రం నిలబడే గెడ వేస్తున్నాడు. రెండు మోకాళ్ల మధ్య పట్టేంత వెడల్పున్న దుంగ మీద, గట్టు మీద నడిచినంత తేలిగ్గా.

తాటిచెట్టు మామూలు కలప కాదు. టేకులో చేవ లోపలుంటే, తాటిలో గట్టిదనమంతా బయటే. లోపల మెత్తటి పీచు. అందుకే దోనె చేయడం ఒకరకంగా చెట్టు సగం చేసిపెట్టిన పని. ముదురు చెట్టు కొట్టి, లావుగా ఉబ్బిన మొదలు భాగం తీసుకుని నిలువునా చీల్చి లోపలిదంతా తోడేస్తే చాలు. మొదలు వైపు కొస సహజంగానే మూసుకుని ఉంటుంది. తెగ్గోసిన రెండో కొసను మట్టితో మెత్తి మూస్తారు. మేకు లేదు, అతుకు లేదు. మోకాలి లోతు నీళ్లలో, గుర్రపుడెక్క మధ్య సందుల్లోంచి దూరిపోవాలంటే దీన్ని మించింది లేదు. ఒక మనిషి, ఒక వల, చేపలు పట్టే నాలుగు మావులు. అంతకుమించి అడక్కూడదు.

అడగాల్సి వస్తే మనవాళ్లు రెండు దోనెలు పక్కపక్కన పెట్టి కట్టేశారు. అదే సంగడి. స్నేహితుణ్ణి సంగడీడు అన్న భాష మనది, ఆ మాట పక్కన పెట్టుకుని చూస్తే ఈ జంట మరీ ముచ్చటగా ఉంటుంది. రెండు వేల ఏళ్ల కిందటి గ్రీకు నావికుల గ్రంథం పెరిప్లస్‌లో తూర్పుతీరం గురించి రాస్తూ, దుంగల్ని జతచేసి కట్టిన పెద్ద పడవల్ని 'సంగర' అన్నారు. ఆ మాటా మన సంగడీ చుట్టాలేనని నా నమ్మకం.

ఇక పుట్టి. ధాన్యం కొలిచే ఇరవై తూముల పుట్టి కాదు, వెదురు తడికతో గుండ్రంగా అల్లిన బుట్ట. హరిగోలు అన్నా ఇదే. కొల్లేరు దోనెను తీసుకెళ్లి గద్వాల వైపు కృష్ణలో వేస్తే ఒక్క వేసవి కూడా నిలవదు. అక్కడ నది అడుగంతా రాళ్లు. దుంగ రాయికి కొట్టుకుంటే చీలుతుంది. పుట్టి కొట్టుకుంటే కాస్త వంగి, జారి, పక్కకు తిరిగి పోతుంది. చుట్టూ ఒకే అంచు కాబట్టి దీనికి ముందూ వెనకా లేవు, ఏ వైపు రాయి తగిలినా ఒకటే. 1520 ప్రాంతంలో విజయనగరం వచ్చిన పోర్చుగీసు యాత్రికుడు డొమింగో పాయెస్ ఆనెగొంది దగ్గర వీటిని చూశాడు. లోపల బెత్తం, బయట తోలు, పదిహేను ఇరవై మంది పడతారు, అవసరమైతే గుర్రాల్నీ ఎద్దుల్నీ దాటిస్తారని రాశాడు. మిగతా పడవల్లా తిన్నగా పోలేవు, ఎప్పుడూ తిరుగుతూనే ఉంటాయని కూడా రాశాడు. ఐదు వందల ఏళ్ల తర్వాత నేను ఎక్కితే అచ్చం అలాగే తిరిగింది. తెడ్డు వేసే అతను అంచు దగ్గర కూచుని నీటిని తనవైపు లాక్కుంటాడు. బుట్ట ఒకసారి ఎడమకు, ఒకసారి కుడికి ఊగుతూ ముందుకు జరుగుతుంది. అవతలి గట్టు మీది గుడి నా భుజం పక్కకు వచ్చింది, మళ్లీ ఎదురొచ్చింది.

తోలు పోయింది, ఇప్పుడు ప్లాస్టిక్ పట్టా, దానిమీద తారు. చిరిగితే పొద్దున్నే మంట వేసి తారు కరిగించి పూసుకుంటారు, ఎండ ముదిరేసరికి నీళ్లలో ఉంటుంది. పని అయ్యాక నెత్తిన బోర్లించుకుని ఇంటికి పోవచ్చు. వానొస్తే గొడుగు కూడా. బాగుచేసుకునే వీలే లెక్కైతే నా ఓటు కళ్లు మూసుకుని పుట్టికే.

కానీ వంద బస్తాల ధాన్యం కాకినాడ నుంచి మద్రాసు పోవాలంటే? అక్కడ ఈ రెండూ పక్కకు తప్పుకోవాల్సిందే. పలకలు చెక్కి, ఇనుప మేకులతో బిగించి, సందుల్లో నార కూరి, గుగ్గిలం పట్టించిన నాటుపడవ కావాలి. (కేరళ వాళ్ల కెట్టువళ్లం అనే పడవకు మేకే ఉండదు, ఆంజిలి పలకల్ని కొబ్బరి తాడుతో కుట్టేస్తారు. దాని సంగతి ఇంకోసారి.) అడుగు బల్లపరుపుగా ఉంటుంది, నిండా సరుకు వేసినా లోతు లేని కాలువలో నేల తగలకుండా.

ఈ పడవకు రోజులొచ్చింది కాటన్ కాలువలతో. 1847లో మొదలుపెట్టి 1852లో ధవళేశ్వరం ఆనకట్ట ముగించారు. ఆ వెంటనే బెజవాడ ఆనకట్టా లేచింది. ఏలూరు కాలువ గోదావరినీ కృష్ణనూ కలిపింది, కొమ్మమూరు కాలువ పెదగంజాం దాకా తీసుకెళ్లింది, అక్కడినుంచి బకింగ్‌హామ్ కాలువ. 1806లో మద్రాసు దగ్గర తవ్వడం మొదలైన ఆ కాలువ, 1876-78 కరువులో కూలిపనులతో అతుకులు పూర్తయి, పెదగంజాం నుంచి మరక్కాణం దాకా సుమారు 420 కిలోమీటర్లు సాగింది. గాలి ఉంటే తెరచాప, లేకపోతే గట్టు మీద నడుస్తూ మోకుతో లాగడమే. లాకుల దగ్గరకొచ్చాక తలుపులు మూసి నీరు సమం అయ్యేదాకా ఆగడం, ఆ తీరికలో పొయ్యి వెలిగించి అన్నం వండుకోవడం. రైళ్లకంటే కాలువలే చవకని కాటన్ వాదిస్తూనే ఉన్నాడు. 1900లో రాజమండ్రి దగ్గర గోదావరి మీద రైలు వంతెన తెరిచారు, వాదన రైలు వైపు మొగ్గింది.

అయితే నాటుపడవలో తప్పు పడవది కాదు. అది ఒంటరిగా బతికే వస్తువు కాదు. లాకు పనిచేయాలి, పూడిక తీయాలి, గట్టు తెగకూడదు, కలప దొరకాలి, ఏటా ఒడ్డుకు లాగి సందులు చూసే వడ్రంగి ఉండాలి. వీటిలో ఒక్కటి తప్పినా కొయ్య ఎండి పలకలు విడిపోతాయి. దోనెకు ఒక తాటిచెట్టు, పుట్టికి ఒక వెదురు పొద చాలు. మోసే బరువులో నాటుపడవే గొప్పది, పడిపోవడంలోనూ అదే ముందు.

నిజానికి ఒక్కదాన్నే ఎంచుకోమంటే నేను నాలుగోదాని వైపు చూస్తాను. నర్సాపురం రేవులో సఖినేటిపల్లి వెళ్లే పంటు ఎక్కి చూడండి. రెండు పడవలు జతచేసి మీద బల్లలు పరిచి, దానిమీద మోటార్ సైకిళ్లు, ఆటోలు, కొబ్బరికాయల గోతాలు, పెళ్లివారు. పెద్ద బండి ఎక్కుతుంటే ఒక పడవ కాస్త కుంగుతుంది, రెండోది ఆపుతుంది. సంగడే కదా, ఇంజన్ తగిలించుకుంది అంతే.