బుడాపెస్ట్ పార్లమెంటు టూరు: బంగారం సంగతి సరే, ఆ చుట్టల స్టాండు చూసి రండి

ముందు నా సంగతి చెప్పేస్తాను. ఆర్ అండ్ బీలో ముప్పై రెండేళ్లు పనిచేసి రిటైరయ్యాను. ఏ ఊరెళ్లినా గోడకి చెయ్యి ఆనించి చూడటం, మెట్ల ఎత్తు కాలితో కొలవటం, పైకప్పులో చెమ్మ ఎక్కడుందా అని వెతకటం అలవాటు. మా ఆవిడ దాన్ని జబ్బు అంటుంది. కాబట్టి మంచి సెల్ఫీ స్పాట్లు ఎక్కడున్నాయో కావాలంటే ఈ రివ్యూ మీకు పనికిరాదు.

అబ్బాయి వియన్నాలో ఉద్యోగం చేస్తున్నాడు. అక్కడ రైలెక్కితే రెండున్నర గంటల్లో బుడాపెస్ట్. "మావయ్యగారూ, మీకు బిల్డింగులంటే ఇష్టం కదా, హంగరీ పార్లమెంటు లోపలికి వెళ్దామా?" అని కోడలే అడిగింది. పార్లమెంటు లోపలికి మనల్నెవరు రానిస్తారమ్మా అన్నాను. టికెట్ కొంటే రానిస్తారట. పాస్ కోసం ఎంపీ గారి పీఏకి ఫోన్ చెయ్యక్కర్లేదు, సిఫార్సు ఉత్తరం అక్కర్లేదు. సినిమా టికెట్ కొన్నట్టు ఆన్‌లైన్‌లో తేదీ, టైము, భాష ఎంచుకుంటే సరి.

ఆ టికెట్ దగ్గరే మావాడు తప్పు చేశాడు. గూగుల్‌లో మొదట కనిపించిన ఏదో ఏజెన్సీ సైట్లో కొనేశాడు, పేరెందుకులెండి. క్యూ లేకుండా నేరుగా లోపలికి అని రాసి, మనిషికి బాగానే ఎక్కువ గుంజారు. తీరా వెళ్తే అందరితోపాటే లైన్లో నిలబడ్డాం, అందరిలాగే సెక్యూరిటీ మిషన్లో బెల్టు తీసిపెట్టాం. టికెట్లు పార్లమెంటు వాళ్ల సొంత సైట్లోనే కొనండి. అయితే ఒకటి, యూరోపియన్ యూనియన్ పౌరులకు ఒక రేటు, మనలాంటి వాళ్లకు దాదాపు దానికి రెట్టింపు. అక్కడే పన్ను కడుతున్నా మావాడి పాస్‌పోర్టు మనదే కాబట్టి వాడికీ పెద్ద రేటే. తాజ్‌మహల్ దగ్గర విదేశీయుల లైను గుర్తొచ్చి నేను ఏమీ అనలేదు.

మా టైముకి ఇంకా గంట ఉంటే బిల్డింగు ముందున్న కోషూత్ మైదానంలో తిరిగాం. బయటి నుంచి చూస్తే ఇది పార్లమెంటా, చర్చా, రాజుగారి కోటా అని అనుమానం వస్తుంది. డాన్యూబ్ నది ఒడ్డున 268 మీటర్ల పొడవు. నేను అడుగులతో కొలుద్దామని మొదలెట్టి సగంలో లెక్క తప్పాను. సన్నటి గోపురాలు, సూదుల్లాంటి శిఖరాలు చూస్తే గోతిక్ పద్ధతి. మధ్యలో డోమ్ రినైసాన్స్ పద్ధతి. లోపలి ప్లాను బరోక్. మూడు పద్ధతులు కలిపితే కిచిడీ అవ్వాలి కదా, కాలేదు. ఎందుకంటే డోముకి రెండు వైపులా అద్దంలో పెట్టినట్టు సమానంగా కట్టారు. అప్పట్లో రెండు సభలుండేవి, ఒక్కో రెక్కలో ఒక్కో సభ. ఎవరికీ ఎక్కువా లేదు, తక్కువా లేదు.

బుడా, పెస్ట్, ఓబుడా మూడు ఊళ్లు కలిసి 1873లో ఒక నగరం అయ్యాయి. దేశానికి తగ్గ సభాభవనం కట్టుకోవాలని 1880లో నిర్ణయించి డిజైన్ల పోటీ పెట్టారు. ఇమ్రె ష్టెయిండ్ల్ అనే ఆర్కిటెక్టుది నెగ్గింది. నాకు నచ్చిన ముచ్చట ఏంటంటే, పోటీలో ఓడిన రెండు డిజైన్లు కూడా తర్వాత కట్టారని, అవే మైదానానికి అవతల పార్లమెంటు వైపే చూస్తూ నిలబడ్డ రెండు పెద్ద భవనాలని అక్కడ చెబుతారు. టెండరు పోగొట్టుకున్న వాడికి ఎదురుగానే ఇంకో పని దొరికిందన్నమాట. మా డిపార్ట్‌మెంటులో ఇలాంటి న్యాయం నేను చూళ్లేదు.

పని 1885లో మొదలైంది. 1896లో ఇంకా పూర్తికాని భవనంలోనే ఉత్సవం చేసేశారు, ఎందుకంటే ఆ ఏడాదికి మాగ్యార్ జనం, అంటే హంగరీవాళ్ల పూర్వీకులు, ఆ గడ్డ మీదికి వచ్చి వెయ్యేళ్లు. వాళ్లు వచ్చింది 896లో అని లెక్క. అందుకే డోము ఎత్తు సరిగ్గా 96 మీటర్లు పెట్టారు. మొత్తం పని ముగిసేసరికి 1904. ష్టెయిండ్ల్ చివరి రోజుల్లో జబ్బుపడి నడవలేకపోతే కుర్చీలో మోసుకొచ్చేవారట, అలాగే పని చూసుకునేవాడట. 1902లో సభ అక్కడ కొలువుదీరటానికి కొన్ని వారాల ముందే చనిపోయాడు. ఈ మాట చెబితే మా ఆవిడ చప్పుడు చెయ్యకుండా కాసేపు డోము వైపు చూసింది.

ఇక లోపల. సందర్శకుల ద్వారం భూమి కిందకి దిగుతుంది. అక్కడ తనిఖీ అయ్యాక హెడ్‌ఫోన్ ఇస్తారు, గుంపు వెనకే నడవాలి. మొత్తం ముప్పావుగంట. కింద నుంచి పైకి ఎక్కాలి కాబట్టి మొదట్లోనే మెట్లు వరసగా వస్తాయి, మా ఆవిడ లెక్కలో వందకు పైనే. మోకాళ్ల నొప్పులున్న పెద్దవాళ్లని తీసుకెళ్తుంటే బుక్ చేసే ముందే లిఫ్టు సంగతి అడిగి పెట్టుకోండి. మేము అడగలేదు. ఆవిడ ప్రతి మలుపు దగ్గరా ఆగి, రెయిలింగు బాగుందంటూ దాన్ని పట్టుకుని ఊపిరి పీల్చుకుంది.

పైకెక్కాక బంగారం మొదలవుతుంది. మొత్తం 40 కిలోల బంగారం వాడారట. పైకప్పు, స్తంభాల తలలు, తోరణాలు, ఎక్కడ చూసినా రేకు మెరుపే. 691 గదులు, 4 కోట్ల ఇటుకలు. ఇటుకల లెక్క వినగానే బుర్రలో సిమెంటు, ఇసుక లెక్క మొదలైంది, హెడ్‌ఫోన్‌లో తర్వాత చెప్పింది వినపడలేదు. పెద్ద మెట్లదారికి రెండు పక్కలా స్వీడన్ నుంచి తెచ్చిన గ్రానైట్ స్తంభాలు ఎనిమిదున్నాయి, ఒక్కోటీ ఏకశిల. ఇలాంటివి మొత్తం పన్నెండే చేశారని, మిగతా నాలుగు లండన్ పార్లమెంటులో ఉన్నాయని చెబుతారు. వేలి గోటితో తట్టి చూద్దామనుకున్నాను. కోడలు కళ్లతోనే వద్దంది.

డోము కింద హాల్లో ఫోటోలు తియ్యకూడదు. అక్కడ గాజుపెట్టెలో వాళ్ల పవిత్ర కిరీటం ఉంటుంది, పక్కన కత్తులు పట్టుకున్న సైనికులు కదలకుండా నిలబడి ఉంటారు. కిరీటం మీది సిలువ పక్కకి ఒరిగి ఉంటుంది. ఎప్పుడో పెట్టె మూత సరిగ్గా పడక వంగిందని అంటారు. శతాబ్దాలుగా దాన్ని నిటారుగా చెయ్యలేదు, నాణేల మీదా దేశ చిహ్నంలోనూ వంకరగానే వేసుకుంటారు. మన దగ్గరైతే ఈపాటికి కొత్త సిలువ చేయించి, శంకుస్థాపన ఫలకం పెట్టి ఉండేవాళ్లు. ఈ కిరీటం 1945లో అమెరికా సైన్యం చేతికి వెళ్లి, ఫోర్ట్ నాక్స్‌లో బంగారం దాచే చోట ఉండి, 1978 జనవరిలో తిరిగొచ్చింది. మ్యూజియంలో ఉన్నదాన్ని 2000లో ఇక్కడికి తెచ్చారు. గుంపులో జనం ఎక్కువసేపు నిలబడేది ఇక్కడే. నేను మాత్రం రెండు నిమిషాల్లో పైకప్పు పక్కటెముకలు లెక్కపెట్టుకుంటూ కూర్చున్నాను, పదహారు.

నాకు అసలు టికెట్ డబ్బులు గిట్టింది ఆ తర్వాత.

పాత ఎగువసభ హాలు బయట వరండాలాంటి లాంజ్ ఉంది. స్తంభాల మీద పింగాణీ బొమ్మలున్నాయి. రాజులూ సేనాపతులూ కాదు, గొర్రెలకాపరులు, పడవవాళ్లు, రకరకాల పనివాళ్లు. జోల్నయ్ అనే వాళ్ల ప్రసిద్ధ పింగాణీ ఫ్యాక్టరీలో చేసినవి. ఆ లాంజ్ కిటికీల గట్టు మీద ఇత్తడి పట్టీలు బిగించి ఉన్నాయి. దగ్గరికి వంగి చూస్తే పట్టీ పొడవునా వేలు పట్టేంత వెడల్పు గాళ్లు, ఒక్కో గాడి పక్కన ఒక్కో నంబరు. సభ్యులు లోపలికి వెళ్తూ కాలుతున్న సిగారుని తమ నంబరు గాడిలో పెట్టి వెళ్లేవారు, వచ్చాక ఎవరిది వాళ్లు తీసుకునేవారు. లోపల ఎవరైనా అద్భుతంగా మాట్లాడుతుంటే లేచి రాబుద్ధి కాదు, బయట సిగారు మొత్తం కాలిపోయేది. అందుకని మంచి ప్రసంగానికి అదే కొలత, ఒక హవానా (క్యూబా సిగారు) ఖరీదు చేసే ఉపన్యాసం అనేవారట.

మాది గోదావరి లంకల పక్క ఊరు. మా తాత లంక పొగాకు చుట్ట కాల్చేవాడు. రామాలయంలో హరికథకి వెళ్తే చుట్ట ఆర్పేవాడు కాదు, గుడి అరుగు అంచున నిప్పు బయటికి ఉండేట్టు పెట్టి వెళ్లేవాడు. ఆ అరుగు మీద వరసగా ఏడెనిమిది చుట్టలు ఉండేవి. నంబర్లు లేకపోవటంతో అప్పుడప్పుడూ గొడవలయ్యేవి. దాసుగారు బాగా చెప్పిన రోజు అరుగంతా బూడిద. ఆ ఇత్తడి పట్టీ దగ్గర నేను ఎంతసేపు నిలబడ్డానో తెలీదు, గుంపు ముందుకెళ్లిపోయింది. మావాడు వెనక్కొచ్చి "నాన్నా, పద" అన్నాడు. గాడి లోపల వేలు పెట్టి చూశాను. నున్నగా ఉంది.

హాలు గురించి పెద్దగా చెప్పేదేం లేదు, గుర్రపునాడా ఆకారంలో కర్ర కుర్చీలు, బాగా మెయింటైన్ చేశారు. 1945లో ఎగువసభ రద్దయింది కాబట్టి ఇప్పుడది సమావేశాలకీ, మనలాంటి టూరిస్టులకీ. 199 మంది సభ్యులుండే అసలు సభ దక్షిణం రెక్కలో జరుగుతుంది, అటు మనం వెళ్లం.

ఇంకో సంగతి. వేసవిలో ఇన్ని గదులు ఎలా చల్లబరిచేవారని నాకు మొదట్నుంచీ అనుమానం. బయట మైదానంలో ఫౌంటెన్ల దగ్గర నుంచి గాలిని భూమి కింద సొరంగాల్లోకి లాగేవారట. అక్కడ ఐసుగడ్డలు పేర్చి, వాటి మీదుగా వచ్చిన చల్లగాలిని గోడల్లోని దారుల గుండా హాళ్లలోకి పంపేవారట. ఈ ఐసు పద్ధతి 1990ల దాకా నడిచింది. చలికాలం వేడికి బాయిలర్లు ఈ భవనంలో పెట్టలేదు, పక్క వీధిలో వేరే ఇంట్లో పెట్టి ఆవిరిని కింద నుంచి తెచ్చారు. పొగ, మసి, నిప్పు ప్రమాదం అన్నీ ఇంటి బయటే. నేను ఉద్యోగంలో చేరిన కొత్తలో పాత ఇన్‌స్పెక్షన్ బంగళాల్లో వట్టివేళ్ల తడికలు కట్టి నీళ్లు చల్లేవాళ్లు. ఇదీ అదే ఆలోచన, కాకపోతే రాజుగారి సైజు.

తప్పు పని కూడా ఒకటుంది, అది ఆ ష్టెయిండ్ల్ గారి కాలం నాటిది. బయట చెక్కడానికి మెత్తటి సున్నపురాయి వాడారు. నగిషీకి హాయిగా లొంగుతుంది, కానీ నగరం పొగకీ చలికీ తినేస్తుంది. పట్టుమని పాతికేళ్లు కాకుండానే, 1925లో రాళ్లు మార్చే పని మొదలైంది, అది దశాబ్దాల పాటు సాగింది. గట్టి రాయితో ముక్క ముక్కా మారుస్తూ వచ్చారు. నది వైపు గోడ మీద కొత్త రాయి తెల్లగా, పాతది బూడిద రంగులో అతుకుల బొంతలా కనిపిస్తుంది. ఇంజనీర్లు ఎవరైనా వెళ్తే తప్పకుండా ఆ పక్కకి వెళ్లి చూడండి.

బయటికొచ్చాక ఒక పని చెయ్యండి. ఎదురుగా వ్యవసాయ మంత్రిత్వశాఖ భవనం వరండా గోడలో అక్కడక్కడా లోహపు గుళ్లు బిగించి ఉంటాయి. కమ్యూనిస్టు పాలన మీద తిరుగుబాటు లేచిన 1956లో, అక్టోబరు 25న ఈ మైదానంలో ఆయుధాల్లేని జనం మీద కాల్పులు జరిగాయి, ఆ గుళ్లు తూటాల గుర్తులు. టూరు హడావిడిలో చాలామంది అటు చూడరు. తర్వాత 1989 అక్టోబరు 23న ఇదే పార్లమెంటు కిటికీలోంచి కొత్త గణతంత్రాన్ని ప్రకటించారు. డోము మీదున్న కమ్యూనిస్టుల ఎర్రనక్షత్రాన్ని ఆ తర్వాత దించేశారు.

రావడానికి రెండో నంబరు ట్రామ్ ఎక్కండి, నది పక్కనే వస్తుంది, అదొక టూరు. రాత్రి లైట్లు చూడాలంటే నది అవతల బుడా వైపుకి వెళ్లాలి, ఇటు నుంచి ఏమీ కనిపించదు. మేము ఒడ్డున కూర్చుని పొద్దున డబ్బాలో కట్టుకొచ్చిన పులిహోర తిన్నాం. అయిదుకి నాలుగున్నర ఇస్తాను. మిగతా అర ముప్పావుగంటే ఉన్నందుకు. నాకు రెండు గంటలు కావాలి.

ఆ ఇత్తడి పట్టీ ఫోటో తీసి, నాతోపాటు రిటైరైన ధవళేశ్వరం స్నేహితుడికి పంపి సంగతంతా రాశాను. రాత్రి వాడు వాయిస్ మెసేజ్ పెట్టాడు. "ఒరేయ్, అంతా బాగుంది గానీ, నీ చుట్ట ఏ నంబర్లో పెట్టావురా?"